నల్లా నీళ్లా, క్యాను నీళ్లా? మా ఇంట్లో పంచాయితీ తెగట్లేదు

పానగల్లు రోడ్డు:
మాది నల్లగొండ టౌను, ఇంట్లో ఐదుగురం. రోజుకో క్యాను, 20 రూపాయలు, అంటే నెలకు 600, ఎండాకాలమైతే ఇంకా ఎక్కువ. అమ్మ ఊరి నుంచి వచ్చి మూడు నెలలైంది. క్యాను నీళ్లు నోట్లో పోసుకుని "చప్పగ ఉన్నయ్, దూప తీరదు" అంటుంది, పోయి నల్లా తిప్పుకుని తాగుతుంది. మొన్న పిల్లలకు కూడా అవే తాగించిందని మా ఆవిడ అమ్మతో మాట్లాడటం మానేసింది. నల్లాలో వచ్చేవి కృష్ణా నీళ్లే కదా, తాగొచ్చా, తాగకూడదా? ఒక్క ముక్కలో చెప్పండి, రాత్రికి ఇంటికి పోయి చెప్పాలి.

మిర్యాల మెకానిక్:
ముందు టీడీఎస్, అంటే నీళ్లలో కరిగిన లవణాలు, ఎంతో చూడండి అన్నా. చిన్న మీటరు ఆన్‌లైన్‌లో దొరుకుతుంది. నంబరు చెప్తే మిగతాది నేను చెప్తా.

పాలమూరు అక్క:
ఒక్క ముక్కలో అడిగావు కాబట్టి ఒక్క ముక్కలో చెప్తున్నా తమ్ముడూ. ఇది నీళ్ల గొడవ కాదు, అత్తాకోడళ్ల గొడవ.

ట్యాంకు కాడి మనిషి:
నేను 19 ఏండ్లుగా మా ఊరి వాటర్ ట్యాంకు చూసుకుంటున్నా. మీ టౌనుకు ఉదయ సముద్రం చెరువులో నింపేవి సాగర్ నీళ్లే, మాకూ కృష్ణా నీళ్లే. శుద్ధి చేసే వదులుతారు. వాసన వస్తుందని జనం పారబోస్తారు గానీ ఆ వాసన క్లోరిన్‌ది, అది ఉంటేనే క్రిములు లేవని ధైర్యం. నల్లా చివర లీటరుకు 0.2 మిల్లీగ్రాములన్నా క్లోరిన్ మిగలాలి. సీసాలో నీళ్లు పట్టి చుక్కల మందు వేస్తే పసుపు రంగు రావాలి, నేను రోజూ చూస్తా. మీ క్యానులో ఏముంటుంది? మూతకు సీలు ఉండదు, ఐఎస్ఐ గుర్తు ఉండదు, అడుగున పచ్చగా పాచి పట్టిన క్యాన్లు నేను ఎన్ని చూశానో. పదిహేను రోజులకోసారి నిచ్చెన ఎక్కి ట్యాంకు కడుగుతా, ఈ మధ్య మోకాళ్లు పట్టేస్తున్నాయి. కిందికి దిగి చూస్తే ఎదురింటి ముందు ఆటో ఆగి క్యాన్లు దించుతుంటుంది. నేను కడిగిన ట్యాంకు నీళ్లు వాళ్లు బర్లకు పెడతారు.

గార పళ్లోడు:
పెద్దాయనా, మీ కష్టాన్ని కాదనను. కానీ మాది మునుగోడు దిక్కు, నా పేరు చూస్తేనే తెలుస్తుంది కదా. మా నాయినకు 45 ఏండ్లకే మెడ తిరిగేది కాదు. పక్క నుంచి ఎవరన్నా పిలిస్తే మనిషి మొత్తం తిరగాలి. కింద పడ్డ బీడీ వంగి తీసుకోలేకపోయేవాడు, నేను బడి నుంచి వచ్చి తీసిచ్చేవాణ్ణి. మా బోరు నీళ్లు అద్దంలా ఉండేవి, వాసన లేదు, రంగు లేదు. తాతలు తాగలేదా అని అందరూ తాగారు. తాతలు తాగింది చేదబావి నీళ్లు, మేం తాగింది బండరాయిలోంచి ఫ్లోరైడ్ కరిగి వచ్చిన బోరు నీళ్లు. నా పళ్లకు ఇప్పటికీ గారే. పెళ్లిచూపుల్లో నోరు తెరవలేదు, ఆ పిల్ల నన్ను మూగోడనుకుందట. నేను క్యానే కొంటా, అప్పు చేసైనా కొంటా.

కల్వకుర్తి టీచర్:
మేం కాచి చల్లార్చి తాగుతాం. ఏ గొడవా లేదు.

గార పళ్లోడు:
సార్, కాస్తే క్రిములు చస్తాయి, ఫ్లోరైడ్ పోదు. నీళ్లు ఆవిరై కాస్త చిక్కబడుతుంది కూడా. పటిక, సున్నం, బ్లీచింగ్ కలిపి తేర్చే పద్ధతి ఒకటి ఉంది, 'నీరి' అనే పరిశోధన సంస్థ వాళ్లు తయారు చేసింది, దాని పేరే నల్లగొండ టెక్నిక్. మా అమ్మ బకెట్లో కలిపేది, పటిక ఎక్కువై నోరంతా వగరు. జిల్లాకు పేరొచ్చింది, మాకు గార మిగిలింది.

మిర్యాల మెకానిక్:
అందుకే టీడీఎస్ చూడమంటున్నా.

గార పళ్లోడు:
తమ్మీ, ఆ మీటరు నీళ్లలో కరెంటు ఎంత పారుతుందో చూసి ఒక లెక్క చెప్తుంది, అంతే. చిటికెడు ఉప్పేసినా నంబరు పెరుగుతుంది. ఫ్లోరైడ్ లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే ప్రమాదం. టీడీఎస్ 300 అని చూపిస్తే అందులో ఆ ఒకటిన్నర మిల్లీగ్రాములు ఎక్కడ కనబడతాయి? మా చెల్లెలింటికి ఒకడొచ్చి గ్లాసులో రెండు కడ్డీలు పెట్టి కరెంటు ఇచ్చాడు, నీళ్లు ఎర్రటి బురదయ్యాయి, "మీరు తాగేది ఇదే" అని లవణాలు వడగట్టే ఆర్ఓ మిషను 14,000కు అంటగట్టి పోయాడు. ఆ బురద కడ్డీ ఇనుముది. ఆర్ఓ నీళ్లలో లవణాలు తక్కువ కాబట్టి కరెంటు సరిగా పారదు, కడ్డీ కరగదు, నీళ్లు తెల్లగా ఉంటాయి. మీ బ్యాచే కదా?

మిర్యాల మెకానిక్:
ఆ కడ్డీల ఆట నేనెప్పుడూ ఆడలేదు. నేను సర్వీసుకు పోతా, అమ్మను. టీడీఎస్ 500 లోపుంటే ఆర్ఓ అక్కర్లేదని 2019లో పర్యావరణ కేసులు చూసే ఎన్‌జీటీనే చెప్పింది, నేనూ ఇంటింటికీ అదే చెప్తా, దానికి మా ఓనరు నన్ను తిడతాడు. లీటరు తాగే నీళ్లకు మూడు లీటర్ల దాకా మోరీలోకి పోతాయి. నేను నంబరు అడిగింది మిషను వద్దని చెప్పడానికే. చదవకుండా మీద పడతారేంటి?

పాలమూరు అక్క:
ఆ మోరీ నీళ్లతో మా అత్త బోళ్లు తోముతుంది.

ట్యాంకు కాడి మనిషి:
గార పళ్ల తమ్ముడూ, మీ నాయిన సంగతి చదివి మనసు కలుక్కుమంది. కానీ అది బోరు కథ. 2015లో చౌటుప్పల్‌లో ఇంటింటికీ నల్లా నీళ్లిచ్చే మిషన్ భగీరథ పైలాన్ వేసింది ఆ బోర్లు మాన్పించడానికే. బోరు చేసిన పాపం తెచ్చి నల్లా నెత్తిన రుద్దితే ఎట్లా? మీలాంటోళ్ల మాటలు వినే జనం మా నీళ్లు తాగట్లేదు.

గార పళ్లోడు:
సరే. ఒక్కటి చెప్పండి. ఎండాకాలం మెయిన్ లైను పగిలితే మీ ట్యాంకులో ఏం నింపుతారు?

ట్యాంకు కాడి మనిషి:
రెండు రోజుల్లో బాగు చేస్తారు.

గార పళ్లోడు:
చెయ్యకపోతే?

ట్యాంకు కాడి మనిషి:
ఏసీ గదిలో కూచుని ఫోన్లో అడగడం సులువే. ఒకసారి వచ్చి నిచ్చెన ఎక్కి చూడు తెలుస్తుంది.

గార పళ్లోడు:
ఏసీ గది కాదు, డీసీఎం వ్యాను నడుపుతా. ఇప్పుడు కొండమల్లేపల్లి దగ్గర టైరు మార్చుకుంటూ రాస్తున్నా. నేనడిగినదానికి జవాబు రాలేదు.

కల్వకుర్తి టీచర్:
పెద్దలతో కొంచెం మర్యాదగా మాట్లాడితే బాగుంటుంది.

పాలమూరు అక్క:
మర్యాద సంగతి తర్వాత సార్. ఆయన అడిగింది మంచి ప్రశ్నే. మీ ఇంట్లో ఏం తాగుతారు పెద్దాయనా?

పానగల్లు రోడ్డు:
నా ప్రశ్న ఎటో పోయింది.

ట్యాంకు కాడి మనిషి:
నిన్న అలిగి ఫోను పక్కన పడేశా, నిద్ర పట్టలేదు. చెప్తున్నా. పోయిన ఎండాకాలం లైను పగిలి తొమ్మిది రోజులు కృష్ణా నీళ్లు రాలేదు. బోరు నీళ్లే నింపాను. పాత బోరుకూ ట్యాంకుకూ లైను అట్లే ఉంది, వాల్వు తిప్పితే ఎక్కుతాయి. ఆడవాళ్లు బిందెలు పట్టుకుని ఇంటి మీదికొస్తే ఏం చెయ్యాలి, వాడుకోడానికైనా కావాలి కదా. తాగొద్దని ఊళ్లో చెప్పమని నాకెవరూ చెప్పలేదు. నేనూ చెప్పలేదు, చెప్తే గొడవవుతుందని. క్లోరిన్ వేశా, పసుపు రంగు వచ్చింది, రిజిస్టర్లో రాశా. క్లోరిన్‌తో ఫ్లోరైడ్ పోదని నాకూ తెలుసు. ఆ తొమ్మిది రోజులు మా మనుమడికి నేనే సైకిల్ మీద క్యాను తెచ్చా. ఇక తిట్టుకోండి.

గార పళ్లోడు:
తిట్టను పెద్దాయనా. తొమ్మిది రోజులకు ఎముకలేం వంగవు, ఏండ్లకేండ్లు తాగితేనే ఆ గతి. కానీ నాకు మొదటి నుంచి మండేది ఇక్కడే. మా బోరు మంచిది కాదని పరీక్ష చేసినవాళ్లకు తెలిసిన రోజుకూ మా గడపకు ఆ మాట వచ్చిన రోజుకూ మధ్య మా నాయిన మెడ పోయింది. మీరు మంచివారు, అయినా మనుమడికి క్యాను తెచ్చి ఎదురింటి పిల్లలకు చెప్పలేదు. ఇవాళ్టి నీళ్లు బాగున్నాయని మీరంటే నమ్ముతా. బాగాలేని రోజు మీరు చెప్తారని నమ్మకం లేక క్యాను కొంటున్నా.

ట్యాంకు కాడి మనిషి:
నాకు జీతమే మూడు నెలలకోసారి వస్తుంది తమ్ముడూ. మైకులో చెప్పే అధికారం నాకెక్కడిది.

గార పళ్లోడు:
మైకెందుకు? ట్యాంకు కాలి మీద సుద్దముక్కతో 'ఇవాళ బోరు' అని రాయండి.

ట్యాంకు కాడి మనిషి:
రాస్తే తెల్లారేసరికి చెరిపేస్తారు.

పాలమూరు అక్క:
చెరిపితే మళ్లీ రాయండి. సుద్దముక్కలకు కొదవా, టీచర్ సార్ ఉన్నారుగా.

కల్వకుర్తి టీచర్:
డబ్బా పంపిస్తా. అడ్రసు పర్సనల్ మెసేజ్ పెట్టండి.

ట్యాంకు కాడి మనిషి:
పానగల్లు రోడ్డు తమ్ముడికి ఒక మాట. నీళ్లు పరీక్ష చేసే కిట్టు ఉంటుంది, అందులో ఫ్లోరైడ్‌కు వేరే మందు. వేస్తే గులాబీ రంగు నిలబడాలి, పసుపుకు తిరిగితే ఫ్లోరైడ్ ఎక్కువున్నట్టు. క్లోరిన్‌కు పసుపు మంచిది, దీనికి పసుపు చెడ్డది, కొత్తోళ్లు ఇక్కడే గడబిడ పడతారు. ఒక్కసారి చేసి వదిలేస్తే లాభం లేదు, వానాకాలం ఒకసారి, ఎండాకాలం ఒకసారి చేయించుకో. మీ నల్లాలో బోరు నీళ్లు కలుపుతారా లేదా అని మీ వీధి వాల్వు తిప్పే అతన్ని అడుగు. చాయ్ తాగిపించి అడుగు, చెప్తాడు.

పానగల్లు రోడ్డు:
థాంక్స్ పెద్దాయనా, రేపు పొద్దున పట్టుకుంటా. ఇప్పుడే అమ్మ చెంబు పట్టుకుని నల్లా దగ్గరికి పోయింది. మా ఆవిడ వంటింట్లోంచి నా దిక్కే చూస్తోంది.

మిర్యాల మెకానిక్:
ఇంతకీ టీడీఎస్ ఎంతన్నా?