మెతిన్ ఎర్క్‌సాన్: బెర్లిన్ బహుమతి గెలిచిన దర్శకుడు ‘షేతాన్’ ఎందుకు తీశారు?

కొత్త ప్రేక్షకుడు

నిన్న రాత్రి ‘సుసుజ్ యాజ్’ (‘నీళ్లు లేని వేసవి’) అనే టర్కీ సినిమా చూశాను. ఇంకా ఆ ఊళ్లోనే తిరుగుతున్నట్లుంది. 1964లో బెర్లిన్ చిత్రోత్సవంలో బంగారు ఎలుగుబంటి బహుమతి పొందిన తొలి టర్కీ చిత్రమట. దర్శకుడు మెతిన్ ఎర్క్‌సాన్ గురించి వెతికితే, ఆ తరువాత పదేళ్లకు 1974లో ‘షేతాన్’ తీసినట్లు తెలిసింది. అది హాలీవుడ్ దెయ్యం సినిమా ‘ఎక్సార్సిస్ట్’కు అనుకరణ. ఆ రెండూ తీసింది ఒక్కరేనా? అంత పై నుంచి ఇంత కిందికి ఎందుకు వచ్చారు? తెలిసినవారు వివరంగా రాయగలరు.

చివరి మడి

ఒక్కరే. నేను మా ఊరి సంగతితో మొదలుపెడతాను. మాది అద్దంకి వైపు, సాగర్ కుడి కాలువ చివరి భూములు. పైవాళ్లు నీళ్లు మళ్లించుకుంటే మా నాన్న రాత్రుళ్లు లాంతరు పట్టుకుని గట్టు మీద తిరిగేవారు. అందుకే ‘సుసుజ్ యాజ్’లో రైతు ఉస్మాన్ ఊటకు అడ్డుకట్ట వేసి కింది పొలాలను ఎండగట్టినప్పుడు నాకు ఆ కథ ఎవరూ విప్పి చెప్పనక్కరలేకపోయింది. తన నేలలో పుట్టిన నీరు తనదేనని అతని వాదన. ఏది ఎవరి సొత్తు అన్న ఈ ప్రశ్నను ఎర్క్‌సాన్ చివరిదాకా వదల్లేదు.

1962లో తీసిన ‘యిలాన్లారిన్ ఓజు’ అంటే ‘పాముల పగ’. మన తెలుగులో ఆ మాటకున్న విషమంతా అందులోనూ ఉంది. అక్కడ తగాదా నేల గురించి: ఒక పేద కుటుంబం ఇంటి ఎదుటి జాగాలో మరొకడు ఇల్లు లేపబోతాడు. 1968 నాటి ‘కుయు’, అంటే ‘బావి’లో, ఒక మగవాడు ఆడమనిషినే తన సొత్తనుకుని పదేపదే ఎత్తుకుపోతాడు. ఈ మూడింటినీ వరుసగా చూస్తే ఆయన మనసు తెలుస్తుంది.

సెన్సారు ఆయనను మొదటి సినిమా నుంచే పీడించింది. 1952లో అంధ జానపద గాయకుడు ఆషిక్ వేసెల్ జీవితం తీస్తే, గోధుమ చేను పొట్టిగా, బక్కగా కనిపిస్తోందని అభ్యంతరం పెట్టారు. దేశం బీదగా కనబడుతుందని! ‘పాముల పగ’ ఆగిపోతే, అధ్యక్షుడు జెమాల్ గుర్సెల్ స్వయంగా చూసి అనుమతించాక గానీ బయటికి రాలేదు.

ఇక మీ అసలు ప్రశ్న. దానికి జవాబు 1965 నాటి ‘సెవ్‌మెక్ జమాని’లో ఉంది. ప్రేమించే వేళ అని అర్థం. ఆ ‘జమాని’ మనకు తెలిసిన ‘జమానా’యే. రంగులు వేసే ఒక పనివాడు ఇస్తాంబుల్ దగ్గరి బుయుకాదా దీవిలో ఒక ఇంటి గోడ మీది ఫొటో చూసి ప్రేమలో పడతాడు. ఆ ఫొటోలోని అమ్మాయి ఎదురుగా వచ్చి నిలబడితే, తనకు కావలసింది బొమ్మ మాత్రమేనని తప్పుకుంటాడు. సినిమా అంతా వాన, ఆకులు రాలిన చెట్లు, ఊద్ వాద్యం. నేను చూసిన నలుపు తెలుపు చిత్రాల్లో ఇంత అందమైనది అరుదు.

దీన్ని ఎర్క్‌సాన్ సొంతంగా నిర్మించారు. ఒక్క థియేటరూ తీసుకోలేదు.

అప్పటి టర్కీ పరిశ్రమను, ఇస్తాంబుల్‌లోని ఒక వీధి పేరుతో, యెషిల్‌చామ్ అంటారు. ఏటా రెండు వందలకు అటూ ఇటూ సినిమాలు తయారయ్యేవి. పెట్టుబడి ఎక్కువగా అదానా, ఇజ్మీర్, సాంసున్ వంటి ప్రాంతాల పంపిణీదారుల నుంచి ప్రామిసరీ నోట్ల రూపంలో వచ్చేది. ఏ తార ఉండాలో, ఎలాంటి కథ కావాలో వాళ్లే చెప్పేవారు. నైజాం, సీడెడ్ అని ప్రాంతాలవారీగా సినిమాలు అమ్ముకున్న మనకు ఈ పద్ధతి కొత్త కాదు. ఆ తారలూ ఆ కథా లేకుండా సొంత డబ్బు పెట్టినవాడు ఏమవుతాడు? ఆ తరువాత ఆయన ఇతర నిర్మాతలకు, వాళ్లు కోరినవి తీశారు. ‘షేతాన్’ వాటిలో ఒకటి. అది పతనం అంటే నేను ఒప్పుకోను. బతుకుతెరువు.

స్ప్రే తీరాన

బెర్లిన్ నుంచి రాస్తున్నాను. మా పక్కింటి టర్కీ పెద్దావిడకు ఉస్మాన్ ఫొటో చూపించగానే మొహం చిట్లించారు. ఆ నటుడు ఎరోల్ తాష్ ఆ తరానికి ప్రతినాయకులందరిలోకీ మొదటివాడు. మరి ఆవిడే వెంటనే, ఆయన ఇస్తాంబుల్‌లో కాఫీ దుకాణం నడిపేవారని, బయట చాలా మంచి మనిషని చెప్పారు.

బహుమతి వచ్చాక ‘సుసుజ్ యాజ్’కు జరిగింది కూడా చెప్పుకోవాలి. ఉస్మాన్ తమ్ముడి వేషం వేసిన ఉల్వి దోవానే నిర్మాత. విదేశాల్లో విడుదలకు చిత్రాన్ని మార్చి, ఎర్క్‌సాన్ తీయని శృంగార దృశ్యాలు అతికించారు. అసలు రూపం దశాబ్దాల పాటు సరిగా అందుబాటులో లేదు. హాలీవుడ్ దర్శకుడు మార్టిన్ స్కోర్సేసీ స్థాపించిన ప్రపంచ సినిమా సంస్థ దాన్ని బాగుచేయించాక 2008లో కాన్ చిత్రోత్సవంలో చూపించారు. నీటి మీద ఎవరికి హక్కు అని అడిగిన సినిమా మీదే దర్శకుడికి హక్కు లేకపోయింది. ఇది నాకు చాలా బాధ కలిగించే విషయం.

కొత్త ప్రేక్షకుడు

ఇద్దరికీ కృతజ్ఞతలు. ‘చివరి మడి’ గారూ, 1974 తరువాత ఆయన మంచివి ఏమీ తీయలేదా?

చివరి మడి

తీశారండీ. మరుసటి ఏడే ప్రభుత్వ టెలివిజన్ కోసం ఐదు టర్కీ కథలను చిన్న చిత్రాలుగా మలిచారు. వాటిలో రచయిత తాన్‌పినార్ కథ మీద తీసినది తప్పక చూడండి. 1976లో నటి ఫాత్మా గిరిక్‌తో హామ్లెట్‌ను ఆడమనిషిగా మార్చి ఒక చిత్రం చేశారు. పొలంలో వాద్యబృందం కూర్చుని వాయించే దృశ్యం ఒకటుంది, మతి పోతుంది. 1980ల నుంచి సినిమా తీయలేదు, పాఠాలు చెప్పారు. 2012 ఆగస్టులో పోయారు.

మీరు ఇప్పుడు ‘సెవ్‌మెక్ జమాని’ చూడండి, తరువాత ‘కుయు’. ఆపైన ‘సుసుజ్ యాజ్’ చివరి పది నిమిషాలు మళ్లీ పెట్టుకోండి. ఉస్మాన్ శవం తాను ఆపిన నీళ్లలోనే కాలువ వెంట కింది పొలాలకు కొట్టుకుపోతుంది చూడండి, అక్కడ శబ్దం కాస్త పెంచండి. మా నాన్న ఆ చప్పుడు వినబడితేనే ఇంటికి వచ్చి పడుకునేవారు.