రోజుకు 3 గంటలే అయితే ‘సిస్టెమ్‌స్ప్రెంగర్’లో హెలెనా జెంగెల్ అంత పాత్ర ఎలా చేసింది?

ప్రశ్న (తెరచాటు): నోరా ఫింగ్‌షైట్ తీసిన ఈ జర్మన్ సినిమా 2019 ఫిబ్రవరిలో బెర్లినాలే (బెర్లిన్ చిత్రోత్సవం)కి వచ్చేనాటికి హెలెనాకు పదేళ్లు. తొమ్మిదేళ్ల బెన్నీగా దాదాపు సినిమా అంతా తనే కనిపిస్తుంది. జర్మనీలో పిల్లల చేత రోజుకు 3 గంటలకు మించి నటింపజేయకూడదు కదా, మరి షూటింగ్ ఎలా నడుపుతారు? అనుమతి తల్లిదండ్రులే తెచ్చుకోవాలా?

జవాబు (కాల్‌షీట్): తల్లిదండ్రులు కాదండీ, దరఖాస్తు నిర్మాణ సంస్థ పెడుతుంది. యువ కార్మికుల రక్షణ చట్టం 6వ సెక్షన్ కింద కార్మిక రక్షణ అధికారులు అనుమతిస్తారు. అంతకుముందు బాలల సంక్షేమం చూసే యుగెండ్‌ఆమ్ట్ అభిప్రాయం అడగాలి. తల్లిదండ్రుల రాతపూర్వక అంగీకారం కావాలి, చదువు దెబ్బతినదని తేలాలి. డాక్టర్ సర్టిఫికెట్ 3 నెలలకు మించి పాతది కాకూడదు. చాలాచోట్ల చిక్కు ఇక్కడే: పాత్రకు ఎంపిక కాగానే సర్టిఫికెట్ తీసేసుకుంటారు, దరఖాస్తు ఆలస్యమైతే అది చెల్లదు. అనుమతి పత్రం చేతికి రాకముందు ఒక్క షాట్ కూడా తీయకూడదు.

జవాబు (రీలు): సినిమాకైతే 3 నుంచి 6 ఏళ్ల పిల్లలకు రోజుకు 2 గంటలు, ఉదయం 8 నుంచి సాయంత్రం 5 మధ్య. ఆరు దాటితే 3 గంటలు, రాత్రి 10 వరకు. నాటకాలకు లెక్క వేరు: ఆరు దాటిన వాళ్లకు 4 గంటలు, రాత్రి 11 వరకు. సెట్‌లో మొత్తం ఎంతసేపు ఉండవచ్చో, విరామాలు ఎప్పుడో అధికారులే విడిగా రాసిస్తారు.

షెడ్యూల్‌ను తలకిందులు చేసేది మాత్రం 14 గంటల విశ్రాంతి నిబంధన. రాత్రి 10కి పని ముగిస్తే మర్నాడు మధ్యాహ్నం 12 దాకా పిలవకూడదు. అందుకే రాత్రి సీన్లు చలికాలంలో పెట్టుకోవడం మేలు, డిసెంబరులో బెర్లిన్‌లో సాయంత్రం 4కే పొద్దుగూకుతుంది. పాప ముఖం కనిపించే షాట్లు ముందు తీసేసి, పెద్దవాళ్ల క్లోజప్‌లకు ఎదురుగా డూప్‌ను నిలబెడతారు. అయినా రోజులు పెరుగుతాయి, బడ్జెట్‌లో మొదటి నుంచే చూసుకోవాలి.

జవాబు (పాతబొమ్మ): ఇది హెలెనా తొలి సినిమా కాదు. మాషా షిలిన్స్కీ తీసిన ‘డీ టోక్టర్’ 2017 బెర్లినాలేలో వచ్చింది, విడిపోయి మళ్లీ దగ్గరవుతున్న తల్లిదండ్రుల కూతురి పాత్ర. అరుపులు, కేకలు లేని ఆ నటన చూశాకే బెన్నీ చూడండి, ఆ పిల్లకు ఎంత పట్టుందో తెలుస్తుంది. బెన్నీ పాత్రకే 2020లో జర్మన్ ఫిల్మ్ ప్రైజ్‌లో ఉత్తమ నటి అయింది. టామ్ హ్యాంక్స్‌తో చేసిన ‘న్యూస్ ఆఫ్ ద వరల్డ్’ అదే ఏడాది విడుదలై, 2021లో గోల్డెన్ గ్లోబ్ నామినేషన్ తెచ్చింది.

తెరచాటు: పదిహేను నిండితే ఈ పరిమితులు పోతాయా?

కాల్‌షీట్: వెంటనే పోవు. నిర్బంధ విద్య పూర్తికాకపోతే పదిహేను దాటినా పిల్లల నిబంధనలే వర్తిస్తాయి. అది పూర్తయ్యాక 18 లోపు వాళ్లకు రోజుకు 8 గంటలు, షూటింగ్ రాత్రి 11 వరకు. 14 గంటల విశ్రాంతి అప్పుడూ ఇవ్వాల్సిందే.