స్టేజ్ క్యారేజ్ పర్మిట్ తిరస్కరించారు: నేరుగా హైకోర్టుకు వెళ్లొచ్చా?

మినీబస్సు_ఆపరేటర్:
34 కిలోమీటర్ల రూటుకు స్టేజ్ క్యారేజ్ (దారిలో స్టాపుల్లో ఎక్కించి దింపే బస్సు) పర్మిట్ అడిగితే, 11 కిలోమీటర్లు ఆర్టీసీ నోటిఫైడ్ రూటు (గెజిట్‌లో ఆర్టీసీకి కేటాయించిన రూటు) మీద పడుతోందని ఆర్టీఏ (పర్మిట్లు ఇచ్చే ప్రాంతీయ రవాణా సంస్థ) తిరస్కరించింది. హియరింగ్‌కు పిలవలేదు, ఆర్డర్ ఒక్క లైనే ఉంది. హైకోర్టులో రిట్ పిటిషన్ వేయమంటారా, అప్పీలా?

పర్మిట్_సెక్షన్:
ముందు అప్పీలేనండీ. మోటారు వాహనాల చట్టం 1988, సెక్షన్ 89 కింద స్టేట్ ట్రాన్స్‌పోర్ట్ అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. గడువు ఆర్డర్ అందిన రోజు నుంచి లెక్క, అందుకే తపాలా కవరు పారేయకండి. తిరస్కరిస్తే కారణాలు రాతపూర్వకంగా ఇవ్వాలి, మీ వాదన వినాలి అని సెక్షన్ 80లోనే ఉంది. ఆ రెండూ జరగలేదన్నదే అప్పీలులో మొదటి పాయింటు కావాలి. సివిల్ కోర్టు ఊసెత్తకండి, సెక్షన్ 94 ఆ దారి మూసేసింది.

రిట్_సైడ్:
పై మాట సరైనదే. వినకుండా తిరస్కరించారు కాబట్టి రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద రిట్ కూడా వేయొచ్చు, కానీ హైకోర్టు పర్మిట్ చేతిలో పెట్టదు. ఆర్డర్ కొట్టేసి, మళ్లీ విని తేల్చమని ఆర్టీఏకే పంపుతుంది. కృష్ణా జిల్లా బస్సు రూట్ల జాతీయీకరణ (ప్రైవేటు నుంచి తీసి ఆర్టీసీకి ఇవ్వడం) మీద గుల్లపల్లి నాగేశ్వరరావు కేసు చూడండి. అభ్యంతరాలు విన్నది సెక్రటరీ, నిర్ణయించింది ముఖ్యమంత్రి. విన్నవాళ్లే తేల్చాలని 1958లో సుప్రీంకోర్టు ఆ ఆర్డర్‌ను కొట్టేసింది. ముఖ్యమంత్రే స్వయంగా విన్నాక వచ్చిన రెండో కేసులో ఆపరేటర్లు ఓడిపోయారు.

అసలు చిక్కు ఆ 11 కిలోమీటర్లు. ఆ ముక్కలో ఎవరినీ ఎక్కించం, దింపం అని రాసిచ్చినా, స్కీమ్ (ఆ రూటును ఆర్టీసీకి కేటాయించిన ప్రభుత్వ పథకం) ఒప్పుకోకపోతే బస్సు నడపకూడదని ఆదర్శ్ ట్రావెల్స్ కేసులో 1985లో సుప్రీంకోర్టు తేల్చేసింది. అందుకని గెజిట్‌లో వచ్చిన స్కీమ్ కాపీ తీసి, మినహాయింపులు ఏమైనా ఉన్నాయేమో గ్రామం గ్రామం సరిచూడండి. మ్యాప్ చూసి రాసిన ఓవర్‌ల్యాప్ లెక్కలు తప్పుతుంటాయి.

మినీబస్సు_ఆపరేటర్:
ఓవర్‌ల్యాప్ నిజమేనని తేలితే?

పర్మిట్_సెక్షన్:
అప్పీలు మీద డబ్బు పెట్టకండి. ఆ ముక్క తప్పించి రూటు మార్చి కొత్త దరఖాస్తు పెట్టండి, సెక్షన్ 80 ప్రకారం ఎప్పుడైనా పెట్టొచ్చు. టైం టేబుల్‌లో స్పీడు పరిమితి దాటేలా ఉంటే అదీ తిరస్కరిస్తారు, కాకపోతే ముందు సవరించుకునే అవకాశం ఇవ్వాలి (సెక్షన్ 71). నోటిఫైడ్ రూటుకు పర్మిట్ కోసం ఆర్టీసీ దరఖాస్తే చేయకపోతే సెక్షన్ 104 కింద టెంపరరీ పర్మిట్ అడగండి. ఆర్టీసీకి పర్మిట్ ఇచ్చిన రోజే అది పోతుంది. అప్పీలు నడుస్తోంది కదా అని స్టే లేకుండా, పర్మిట్ లేకుండా బండి తీయకండి: సెక్షన్ 207 కింద సీజ్ చేస్తారు.