సమస్య: పాట లేని చోట పాట పుట్టె

మిత్రులందరికీ నెల్లూరు నుంచి నమస్కారం. ఈ వారం సమస్య ఆటవెలది పద్యం చివరి పాదం, పై మూడు పాదాలూ మీరు పూరించాలి:

పాట లేని చోట పాట పుట్టె

విషయం ఇళయరాజా గారి సంగీతం. ఎటువైపు నుంచి వస్తారో మీ ఇష్టం. యతి మాత్రం తప్పొద్దు, అంటే పాదం మొదటి అక్షరానికి పాదం మధ్యలో జత అక్షరం కుదరాలి.

ఒంగోలు మాస్టారు:

పల్లె పదము తెచ్చి పట్నాన వినిపించి
వయొలినులను దాని వరుస కలిపి
రెండు దారులొక్క రేవున చేర్చగా
పాట లేని చోట పాట పుట్టె

1976లో తమిళ సినిమా 'అన్నక్కిళి'తో ఆయన వచ్చినప్పుడు జనం చెవులకు తగిలింది ఈ కలయికే. అందుకని అక్కడి నుంచి ఎత్తుకున్నాను.

నేను: మాస్టారూ, నడక హాయిగా ఉంది. 'రేవున చేర్చగా' అన్నచోట నాకు మా పెన్న రేవే కనపడింది. అయితే ఒక్క మాట, ఏమీ అనుకోకండి. సమస్యలో మనం విప్పాల్సిన ముడి అంతా 'లేని చోట' అన్నదాంట్లోనే ఉంది. మీ పద్యంలో మొదటి పాదంలోనే పల్లె పదం వచ్చేసింది. పదమంటే పాటే కదండీ. ఉన్న పాట ఊరు మారింది కానీ కొత్తగా పుట్టలేదు.

ఒంగోలు మాస్టారు: నిజమే. గణాలు, అదే పాదంలో అక్షరాల కొలతలు, కుదిరిన సంతోషంలో ముడి సంగతి మరిచాను. మళ్ళీ ప్రయత్నిస్తా.

ఆత్మకూరు తమ్ముడు:

సీను చూసి రాసె స్వరములు క్షణములో
పెట్టె ముట్టకుండ పెన్నుతోడె
వందమంది దాని వాయించి చూపగా
పాట లేని చోట పాట పుట్టె

హార్మోనియం మీద వెతుక్కోకుండా నేరుగా కాగితం మీద స్వరాలు రాసేస్తారని అందరూ చెప్పేదే. 2025 మార్చి 8న లండన్‌లో వాయించిన సింఫనీ కూడా అలా రాసిందే. పద్యం రాయడం నాకు ఇది మూడోసారి, కొంచెం టెన్షన్‌గానే పెడుతున్నాను.

ఒంగోలు మాస్టారు: నాయనా, భయమెందుకు? రెండో పాదం చాలా బాగా పడింది. మొదటి పాదంలో యతి చూసుకో. 'సీ'కి 'స్వ' పెట్టావు. హల్లు కుదిరింది, అచ్చు కుదరలేదు. 'సీను చూసి రాసె చిటికెలో స్వరములు' అను. సకారానికి చకారం చెల్లుతుంది, ఇకారం కూడా కలిసింది.

నేను: మూడో పాదం కూడా చూడు తమ్ముడూ. పాట లేని చోటు ఏది? వందమంది కూర్చున్న హాలా, తెల్ల కాగితమా? కాగితమైతే ఆ మాట పద్యంలో ఉండాలి.

ఆత్మకూరు తమ్ముడు: ఇలా మార్చాను అన్నా:

కలము పెట్టగానె కాగితమ్మున నిండి
పాట లేని చోట పాట పుట్టె

నేను: ఇప్పుడు ముడి విడిపోయింది!

కావలి అక్కయ్య:

మాటలాగినంత మౌనమే మిగులంగ
వేణువొకటి మెల్ల వెంట నడిచె
తెరను తల్లి కంట తేమ పొంగిన వేళ
పాట లేని చోట పాట పుట్టె

మొన్న బట్టలు మడతపెడుతుంటే టీవీలో ఆయన పాత సినిమా వస్తోంది. కొడుకు బస్సెక్కి వెళ్ళిపోతాడు, తల్లి చూస్తూ నిలబడుతుంది. ఫోనొస్తే మ్యూట్ నొక్కాను. ఆమె కళ్ళు కనిపిస్తున్నాయి కానీ నాకేమీ అనిపించలేదు. సౌండ్ పెట్టగానే గొంతు పూడుకుపోయింది. మడతపెట్టే చీర అలాగే చేతిలో ఉండిపోయింది.

నేను: అక్కయ్యా, నేను ఎదురుచూసిన పూరణ ఇదే. రీరికార్డింగ్ అంటే బొమ్మ అంతా తయారయ్యాక, వాద్యం ఎక్కడ మొదలవ్వాలో, అంతకంటే ముఖ్యంగా ఎక్కడ ఆగాలో తేల్చే పని. 'సాగరసంగమం', 'రుద్రవీణ' రెండింటికీ ఆయనకు జాతీయ అవార్డులు వచ్చాయి. ఆ రెండు సినిమాల్లో పాడినందుకు మన నెల్లూరు బాలు గారికీ వచ్చాయి. వాటిని పాటలతో అందరూ గుర్తుపెట్టుకున్నారు. 2009 నాటి 'పళశిరాజా'కూ, 2015 నాటి 'తారై తప్పట్టై'కీ వచ్చినవి మాత్రం నేపథ్య సంగీతానికే. ఆయన ప్రతిభలో సగం అక్కడే ఉందని నా నమ్మకం. దాని గురించి మనం మాట్లాడుకునేది చాలా తక్కువ.

ఒంగోలు మాస్టారు: అమ్మా, పద్యం మనసుకు పట్టింది. ఒక చిన్న సవరణ. పొంగేది నీళ్ళు, తేమ ఊరుతుంది. 'తేమ యూరిన వేళ' అంటే గణం చెడదు.

కావలి అక్కయ్య: మార్చుకున్నాను మాస్టారూ. మీరన్నాక ఆ సీను వెతికి మళ్ళీ చూశాను. ఆమె కన్నీళ్ళు జారవు, ఊరి అక్కడే ఆగిపోతాయి. వేణువు కూడా అక్కడే ఆగుతుంది.