ఐర్లాండ్‌లోని లిమరిక్‌లో షానన్ రగ్బీ క్లబ్ కథ తెలిసినవాళ్ళు ఎవరైనా చెప్తారా?

హనుమకొండ అమ్మ:
మేము లిమరిక్ వచ్చి ఏడాదిన్నర అయింది. మా వాడికి ఏడేళ్ళు. క్లాసులో స్నేహితులను చూసి తనూ షానన్ క్లబ్ పిల్లల బ్యాచ్‌లో చేరాడు. ఇప్పుడు ఆదివారం పొద్దున్నే లేపక్కర్లేదు, తనే లేచి కూర్చుంటాడు. పోయిన వారం మైదానం దగ్గర ఒక పెద్దాయన వాడి భుజం తట్టి "ఇక నువ్వు పారిష్ పిల్లాడివి" అన్నారు. ఆయన కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. మేము చర్చికి వెళ్ళేవాళ్ళం కాదు, ఏమని అడగాలో తెలియక నవ్వి ఊరుకున్నాను. నాకు తెలిసిన జట్టు ఈ ప్రాంతపు మన్‌స్టర్ ఒక్కటే. ఈ క్లబ్ అంటే వీళ్ళకి ఎందుకంత ప్రాణం?

డబ్లిన్ శ్రీను:
ఇక్కడ డబ్లిన్‌లో రగ్బీ అంటే చాలావరకు ఫీజులు కట్టి చదివే పెద్ద స్కూళ్ళ ఆట. లిమరిక్‌లో అలా కాదు, పనిచేసుకునే వాళ్ళ ఆట. మిగతాది నెల్లూరు అక్క చెప్పాలి.

నెల్లూరు నర్సు:
చెల్లీ, నేను లిమరిక్ వచ్చింది 2005లో. పారిష్ అంటే ఒక చర్చి పరిధిలోని పేట. ఆ పెద్దాయన అన్నది కింగ్స్ ఐలాండ్, సెయింట్ మేరీస్ పేట. కింగ్ జాన్స్ కోట ఉంది చూడు, అదే. ఒకవైపు షానన్ నది, ఇంకోవైపు ఆబీ నది, మధ్యలో ఆ దీవి. సాల్మన్ పట్టే జాలర్లు ఉన్న పేట అది. 1884లో క్లబ్ పుట్టింది అక్కడే. గెలిచిన రోజు వాళ్ళు పాడేది కూడా ఒక దీవి గురించిన పాటే. మొదటిసారి విన్నప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది.

చాలా ఏళ్ళు వీళ్ళు కింది స్థాయి, అంటే జూనియర్ క్లబ్‌గానే ఉన్నారు. సీనియర్ హోదా 1953లో వచ్చింది, మన్‌స్టర్ సీనియర్ కప్ మొదటిసారి 1960లో గెలిచారు. అదే ఊళ్ళో, అదే 1884లో పుట్టిన గ్యారీఓవెన్ క్లబ్ పక్కన ఇన్నేళ్ళు చిన్నవాళ్ళుగా ఉండడం ఎంత కష్టమో ఆలోచించు.

నువ్వు చెప్పిన మన్‌స్టర్ మన రంజీ జట్టు లాంటిది. ఆటగాళ్ళు ఈ క్లబ్బుల నుంచే వెళ్ళేవారు. 1978 అక్టోబర్ 31న ఇక్కడి థామండ్ పార్క్ మైదానంలో మన్‌స్టర్ న్యూజీలాండ్‌ను 12-0తో ఓడించింది. ఆ జట్టులో బ్రెండన్ ఫోలీ, కాలమ్ టక్కర్, గెరీ మెక్‌లాక్లిన్ షానన్ వాళ్ళే. ఐర్లాండ్ క్లబ్బుల మధ్య జరిగే ఆల్ ఐర్లాండ్ లీగ్ 1990లో మొదలైంది. 1992 నుంచి 1998 దాకా ఏడేళ్ళూ కప్పు లిమరిక్ దాటి పోలేదు, చివరి నాలుగూ వరసగా షానన్‌వే. మొత్తం తొమ్మిదిసార్లు గెలిచారు, ఇంకే క్లబ్ అన్నిసార్లు గెలవలేదు.

బ్రెండన్ కొడుకు ఆంథనీ ఫోలీ. ఆ నాలుగు కప్పుల జట్టులో ఉన్నాడు. 2006లో కార్డిఫ్‌లో ఫ్రాన్స్ జట్టు బియారిట్జ్‌ను 23-19తో ఓడించి మన్‌స్టర్ మొదటిసారి హైనెకెన్ కప్, అంటే యూరప్ పెద్ద కప్పు, గెలిచినప్పుడు కెప్టెన్ అతనే. 2016 అక్టోబర్‌లో, 42 ఏళ్ళకే, పారిస్‌లో నిద్రలోనే పోయాడు. అప్పటికి మన్‌స్టర్ కోచ్. ఆ వారం మా వార్డులో ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. అంత్యక్రియల మర్నాడే మ్యాచ్. అతని 8వ నంబర్ జెర్సీ ఆ రోజు ఎవరూ వేసుకోలేదు, ఆ స్థానంలో ఆడినతను 24 వేసుకున్నాడు.

హనుమకొండ అమ్మ:
అక్కా, చదువుతుంటే ఏడుపొచ్చింది. ఇప్పుడు క్లబ్ మ్యాచ్‌లకు జనం వస్తారా?

నెల్లూరు నర్సు:
మునుపటంత రారు. 1995లో రగ్బీ ప్రొఫెషనల్ అయ్యాక పెద్ద ఆటగాళ్ళు మన్‌స్టర్‌కే పరిమితమయ్యారు, జనం కూడా వాళ్ళ వెనకే వెళ్ళారు. నాకు అది చాలా బాధ. కానీ పిల్లలకు ఆట నేర్పేది ఇప్పటికీ క్లబ్బే. శనివారం మధ్యాహ్నం లీగ్ మ్యాచ్ ఉన్నప్పుడు బాబుని తీసుకురా, నేనూ వస్తాను. ఆ పెద్దాయన కనిపిస్తే 1978లో ఎక్కడున్నారో అడుగు. గొడుగు మర్చిపోకు.