'పాకీజా' ఛాయాగ్రహణం విర్షింగ్ ఒక్కరిదేనా?

గంటస్తంభం, విజయనగరం:
మొన్న మిత్రులం కొందరం హిందీ సినిమా 'పాకీజా' చూసిన తరువాత మొదలైన వాదన ఎంతకీ తెగలేదు కనుక ఇక్కడ పెడుతున్నాను. టైటిళ్లలో ఛాయాగ్రాహకునిగా జోసఫ్ విర్షింగ్ పేరు ఉంది. ఆయన 1967లో బొంబాయిలో కన్నుమూయగా, మిగిలిన భాగాన్ని ఇతరులు చిత్రీకరించి 1972 ఫిబ్రవరిలో సినిమాను విడుదల చేశారు. అయినా ఆ ఘనత ఆయనదేనని నా అభిప్రాయం. 1903లో మ్యూనిక్‌లో పుట్టి, హిమాంశు రాయ్, ఫ్రాంజ్ ఆస్టెన్‌ల మూకీ చిత్రం 'లైట్ ఆఫ్ ఏషియా' (1925) కోసం మన దేశానికి వచ్చి, బాంబే టాకీస్ స్టూడియోలో 'అఛూత్ కన్య' (1936) వంటి చిత్రాలు తీసిన మనిషి ఆయన. మాటలు లేని సినిమాలో పాత్ర మనసును వెలుగుతోనే చెప్పాలి. అక్కడ పట్టుబడిన ఆ విద్యే 'మహల్' (1949) నీడల్లోనూ, 'పాకీజా' రంగుల్లోనూ కనిపిస్తుంది.

నాగావళి, శ్రీకాకుళం:
అయ్యా, మూకీల ఖాతాలో మీరు మరీ ఎక్కువ జమ వేశారు. 1925 నాటికి ఆయనకు ఇరవై రెండేళ్లు. ఆ చిత్రానికి విల్లీ కీర్మేయర్ కూడా కెమెరా పట్టారు. పైగా ఆనాడు వాడుకలో ఉన్న ఆర్థోక్రోమాటిక్ ఫిల్ముకు ఎరుపు కనిపించదు. నుదుటి కుంకుమా తాంబూలంతో పండిన పెదవులూ నల్లగా పడేవి, నీలాకాశం తెల్లగా పాలిపోయేది. తరువాత ఎరుపుతో సహా అన్ని రంగుల వెలుగునూ పట్టే పాంక్రోమాటిక్ ఫిల్ము వచ్చింది. టాకీలు రాగానే రొద చేసే ఆర్కు దీపాల స్థానంలో బల్బులు వచ్చాయి, కెమెరా చప్పుడు మైకులో పడకుండా దానికి తొడుగు వేయవలసి వచ్చింది. 'పాకీజా'కు ప్రాణమైన ఎరుపు, ఆయన చేయి తిరిగిన తొలినాటి ఫిల్ముకు ఆననే ఆనదు. నేర్చిందాన్ని ఇన్నిసార్లు వదిలి మళ్లీ నేర్చుకోవడంలోనే నాకు ఆయన గొప్పతనం కనిపిస్తుంది.

చంపావతి, విజయనగరం:
మీరిద్దరూ మధ్యలోని ఏళ్లను దాటేశారు. 1939లో యుద్ధం రాగానే జర్మన్ పౌరుడన్న కారణంగా ఆయనను నిర్బంధించారు, యుద్ధం ముగిసే దాకా కెమెరా ముట్టుకునే అవకాశం లేకపోయింది. బాంబే టాకీస్ ఆగిందా? 'కిస్మత్' (1943) ఆ కాలంలోనే వచ్చింది. అంటే ఆ స్టూడియోలో పని నేర్చిన మనవాళ్లు అప్పటికే సొంతంగా నిలబడగలిగారన్నమాట. 'పాకీజా'ను పూర్తిచేసినవారినీ ఆ దృష్టితోనే చూడాలి. మరొకరు పెట్టిన వెలుగుకు, కొన్నేళ్ల విరామం తరువాత, అతుకు తెలియకుండా వెలుగు కలపడం మాటలు కాదు.

గంటస్తంభం, విజయనగరం:
అతుకు తెలియలేదంటే మాదిరి ఆయనదేనని మీరే ఒప్పుకున్నట్టు కదండీ. మొదట కొంత నలుపు తెలుపుల్లో తీసి, ఆపై రంగులకూ వెడల్పాటి సినిమాస్కోప్ తెరకూ మారిన ఆ చిత్రానికి ఒక రూపం ఏర్పరచింది విర్షింగే. తరువాతి వారు దానిని కాపాడారు, అంతవరకు సరే.

నాగావళి, శ్రీకాకుళం:
కాపాడటంతో వారి పని సరిపోలేదు. షూటింగు మళ్లీ మొదలయ్యేనాటికి నాయిక మీనాకుమారి ఆరోగ్యం బాగా దెబ్బతిన్నందున, నృత్య ఘట్టాల్లో కొంత భాగానికి ఆమె బదులు పద్మా ఖన్నా నిలిచారు. ముఖానికి మేలిముసుగు ఉన్నా, ఎంత దగ్గరగా వెళ్లాలో, ఎప్పుడు వెనక్కి తగ్గాలో ఆనాటి కెమెరామనే తేల్చుకోవాలి. విర్షింగ్ వేసిన మాదిరిలో ఈ చిక్కుకు జవాబు లేదు. ఆయన పేరు మొదటనే ఉండనివ్వండి, దాని కింద మరో వరుస వేయడానికి అభ్యంతరమేమిటో చెప్పండి.