నాన్నకు రేచీకటి ముదిరింది. కర్ర, సర్టిఫికెట్, ట్రైనింగ్ గురించి చెప్పండి

ఉప్పల్_అమ్మాయి
నాన్నగారికి రెటినైటిస్ పిగ్మెంటోసా (ఆర్పీ), అంటే కంటి లోపలి తెర మెల్లమెల్లగా దెబ్బతినే జబ్బు. టీవీ చూస్తారు, పేపర్లో హెడ్డింగులు చదువుతారు. చీకటి పడితే మాత్రం గుమ్మం దాటరు. పగలు కూడా కాళ్ల దగ్గరున్న స్టూల్ కనబడక పడిపోతున్నారు. కంటి పరీక్షలో అక్షరాల చార్ట్ బాగానే చదివారని వైకల్య సర్టిఫికెట్‌లో పర్సంటేజీ తగ్గించేశారు. కర్రతో నడక, ఫోన్ వాడకం ఎక్కడ నేర్పుతారు? కర్ర మాటెత్తితేనే కోపం.

అత్తాపూర్_రఘు
కర్ర సంగతి తర్వాత, ముందు వైద్యం చేయించమ్మా. జీన్ థెరపీ వచ్చిందట కదా.

ఆర్పీ_సురేశ్
అన్నా, ఇలా ఆశ పెట్టకండి. 2017లో అమెరికాలో అనుమతి వచ్చింది ఆర్‌పీఈ65 అనే ఒక్క జీన్ లోపానికే. అందరికీ కాదు. ఈ ఆశతోనే మా ఇంట్లో పొలం అమ్మారు.
అక్కా, నాదీ అదే జబ్బు. మెట్రోలో చేతిలో తెల్ల కర్ర, ఇంకో చేతిలో ఫోన్. ఒకాయన అందరి ముందు "కళ్లు కనబడుతున్నాయిగా, సీటు కోసం ఈ వేషమా" అన్నాడు. ఇంటికొచ్చాక కూడా చేతులు వణికాయి.

వనస్థలి_రావు
బాధపడకు తమ్ముడూ, కానీ ఫోన్ చదివేవాడికి కర్ర ఎందుకని ఎవరికైనా అనిపిస్తుంది. మా అన్నయ్యకు పుట్టుకతో చూపు లేదు. మీలాంటివాళ్ల వల్ల ఆయన్నీ అనుమానంగా చూస్తున్నారు.

ఆర్పీ_సురేశ్
"మీలాంటివాళ్లు" అంటే ఎవరండీ? ఫోన్ స్క్రీన్ మటుకు కనబడుతుంది, దాని పక్కన మీ మొహం కనబడదు. ఎదురుగా మెట్లున్నా తెలియదు. కర్ర వదిలేసి ఎస్కలేటర్ మీంచి పడమంటారా?

వనస్థలి_రావు
నేను అలా అనలేదు. మాటలు పెంచొద్దు.

మొబిలిటీ_మాస్టారు
పదిహేనేళ్లకు పైగా కర్రతో నడక నేర్పే పనే చేస్తున్నాను, ఇందులో నాకు తెలిసినంత ఇక్కడ ఎవరికీ తెలియదు. రావుగారూ, సొరంగంలోంచి చూసినట్టుంటుంది ఆ చూపు. మామూలు మనిషికి రెండు కళ్లతో అటూ ఇటూ కలిపి దాదాపు 180 డిగ్రీలు కనబడుతుంది. 2016 వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం ఫీల్డ్, అంటే చూపు పరిధి, 10 డిగ్రీల లోపుంటే, చార్ట్ మొత్తం చదివినా అది అంధత్వమే. అమ్మా, ఫీల్డ్ టెస్ట్ రిపోర్ట్ పెట్టి మళ్లీ అప్లై చేయండి.
కర్ర ఎత్తు రొమ్ము ఎముక దాకా ఉండాలి. ఎడమ కాలు ముందుకు పడేటప్పుడు కర్ర కొస కుడివైపు నేలను తాకాలి. తర్వాతి అడుగు పడే చోటును అది ముందే చూసి పెడుతుంది. సగం మందికి తిరగేసి నేర్పుతున్నారు, చూస్తే కడుపు మండిపోతుంది.

బేగంపేట_సరళ
మాస్టారూ, స్క్రైబ్ గురించి, అదే చూపు లేనివాళ్లు చెబుతుంటే పరీక్ష రాసిపెట్టే మనిషి గురించి చెప్పరా? మా అమ్మాయికి ఇంటర్ పరీక్షలో స్క్రైబ్‌గా వచ్చిన పిల్ల లెక్కల గుర్తులే రాయలేకపోయింది. అదనపు టైమ్ కూడా ఇవ్వనన్నారు. చదివిందంతా మట్టిపాలు.

అత్తాపూర్_రఘు
ఆ స్కూల్ మీద కంప్లైంట్ ఇవ్వమ్మా, వదలకు.

ఉప్పల్_అమ్మాయి
నా ప్రశ్న ఎటో పోయింది. నాన్నను ఎక్కడికి తీసుకెళ్లాలి?

ఆర్పీ_సురేశ్
బంజారాహిల్స్ ఎల్వీ ప్రసాద్ కంటి ఆసుపత్రిలో రీహాబిలిటేషన్ విభాగం ఉంది అక్కా. నడక, ఫోన్ రెండూ అక్కడే అడగండి. ఆండ్రాయిడ్ ఫోన్ అయితే అందులోని టాక్‌బ్యాక్ స్క్రీన్ మీదున్నది తెలుగులో పైకి చదువుతుంది, ఇంట్లోనే మొదలుపెట్టండి. నాన్నగారితో నన్ను మాట్లాడించండి. కర్ర పట్టుకుంటే పరువు పోతుందని నేనూ అన్నవాణ్నే. ఇప్పుడు రాత్రి షిఫ్ట్ ముగించుకుని ఒక్కణ్నే అమీర్‌పేట దాటుతున్నాను. ఇంకోటి, రోడ్డు మీద ఆయన చెయ్యి లాగకండి. మీ మోచేయి పైన ఆయన్ని పట్టుకోమనండి, మీరు అరడుగు ముందు నడవండి.

వనస్థలి_రావు
ఇది మా ఇంట్లో ఎవరికీ తెలియదు. అన్నయ్యను అందరూ రెక్క పట్టుకుని లాక్కెళతారు.

మొబిలిటీ_మాస్టారు
సరళమ్మా, స్క్రైబ్‌తో రాస్తే గంటకు కనీసం 20 నిమిషాలు అదనం. మూడు గంటల పేపర్‌కు గంట. కేంద్రం 2018లో ఇచ్చిన మార్గదర్శకాలవి. ఆ కాపీ పట్టుకుని ప్రిన్సిపాల్ దగ్గర కూర్చోండి.